పన్నెండు బై ఎనిమిది

నాకు కోపం ఎక్కువ. ముందే చెప్తాండా, మళ్ళా నన్ననుకోవద్దు. పుట్టేటప్పుడే పిడికిళ్ళు బిగించుకోని పుట్టినానంట, మా అమ్మ ఇప్పటికీ వచ్చినోళ్ళందరికీ చెప్తాది. పిల్లోళ్ళంతా అట్లనే పుడతారని ఆమెకు ఎవురూ చెప్పలేదేమో. మా ఇంట్లో ఎవురూ ఎవురికీ ఏమీ చెప్పరు లెండి.

నా పేరు యామిని. నంద్యాలలో ఫ్లెక్సీలు కొట్టే అంగట్లో డిజైన్లు చేస్తా. పుట్టినరోజులు, పెండ్లిండ్లు, చావులు, లీడర్లకు స్వాగతాలు, అన్నీ నా చేతి మీదనే పోతాయి. ఎవురి మొగం పెద్దగా పెట్టాల, ఎవుర్ని మూలకు తోయాల, ఎవురి బట్టతల మీద వెంట్రుకలు మొలిపించాల, నాకు నిద్రలో లేపి అడిగినా తెలుసు. ఒక్క రకం ఫ్లెక్సీ మాత్రం నేను ముట్టను. ఆడపిల్ల పెద్దమనిషయిందని వేసేది. పనిలో చేరిన దినమే ఓనరు సుష్మక్కకు చెప్పేసినా. ఎందుకే అనింది. చెప్పినా. మళ్ళా అడగలేదు.

మాది ఆళ్లగడ్డ. మా నాయన గురుమూర్తికి బజార్లో కిరాణా అంగడి ఉండాది. నాకు పన్నెండేండ్లప్పుడు, ఏడో తరగతిలో, ఒక దినం స్కూల్లో కడుపునొప్పి వచ్చింది. ఇంటికొచ్చి చూసుకుంటే రక్తం. లోపల ఏదో తెగిపోయింది, సాయంత్రానికి చచ్చిపోతా అనుకున్యా. నిజంగానే అనుకున్యా. నా రంగు పెన్సిళ్ళు చెల్లెలికి ఇచ్చేసినా కూడా. తర్వాత అమ్మకు చెప్తే, అమ్మ మొదట ఏడ్చింది, మళ్ళా నవ్వింది, మళ్ళా ఫోను తీసి చుట్టాలందరికీ చేసింది. నన్ను మూలన చాప మీద కూర్చోబెట్టి, వేరే తట్ట, వేరే చెంబు ఇచ్చింది. ఏమయిందో ఊరంతా తెలిసింది, నాకు తప్ప.

అప్పుడొచ్చినాడు మా మేనమామ రాజశేఖర్. అమ్మకు తమ్ముడు. విత్తనాలు, ఎరువుల అంగడి పెట్టినాడు. ఊర్లో ఏ సంఘం పుట్టినా దానికి అధ్యక్షుడు ఆయనే, పుట్టకపోతే ఆయనే పుట్టిస్తాడు. మేనమామ ముచ్చట అని చెప్పి నాలుగు రోడ్ల కాడ ఫ్లెక్సీ కట్టించినాడు. పన్నెండడుగుల వెడల్పు, ఎనిమిది అడుగుల ఎత్తు. సగం ఫ్లెక్సీ ఆయనే, నల్లద్దాలు పెట్టుకోని దండం పెడతా. మిగిలిన సగంలో పట్టుపావడా, పూలజడ వేసుకోని నేను. కింద ఇంతింత అక్షరాలతో "మా మేనకోడలు చిరంజీవి యామిని పుష్పవతి అయిన శుభ సందర్భంగా" అని, తేదీతో సహా.

స్కూల్లో మగపిల్లోళ్ళు నన్ను పుష్పం అని పిలిచినారు. "పుష్పం వచ్చిందిరోయ్" అని ఒకడు, "ఈ దినం పుష్పం లీవంటరా" అని ఇంకొకడు. ఎవురో ఆ ఫ్లెక్సీని ఫోన్లో ఫొటో తీసి అందరికీ పంపినారు. నేను ఇరవై దినాలు బడికి పోలేదు. పోయినాక కూడా, వెనక బెంచీ తప్ప యాడా కూర్చోలేదు.

సరే, ఫంక్షన్ అయిపోయింది కదా, ఫ్లెక్సీ కూడా పోతాదిలే అనుకున్యా. యాడ పోతాది? ఫ్లెక్సీ గట్టి సరుకు. మామ దాన్ని నంద్యాల రోడ్డులో పంచర్ల అంగడాయనకు ఇచ్చేసినాడు, ఎండకు కప్పుకోమని. మా స్కూలు దారి అదే. రెండేండ్లు నా మొగం ఆ అంగడి కప్పు మీద ఉండాది. వాన పడినా, గాలొచ్చినా ఎగిరిపోకుండా నా నెత్తి మీద పాత టైర్లు పెట్టేవాళ్ళు. నేను దానికింద నుంచి నడిచి పోయేదాన్ని, దినానికి రెండుసార్లు.

ఒకసారి ధైర్యం చేసి మామను అడిగినా. "మామా, అది తీయించేయి మామా, మొక్కుతా" అని. ఏమన్న్యాడో తెలుసా? "ఏందే, ఊరికే వస్తాదా అంత పేరు?" అని నవ్వినాడు. ఆ మాట నేను మర్చిపోలేదు. తొమ్మిదేండ్లు నోట్లో పెట్టుకోని తిరిగినా.

ఇంక నా చెల్లెలు దివ్యశ్రీ. ఎనిమిదో తరగతి. దానికి నా మాదిరి కాకూడదని, పదకొండేండ్లు నిండంగానే నంద్యాలకు పిలిపించుకోని, అంగడి వెనక కూర్చోబెట్టి అన్నీ చెప్పినా. ఎందుకొస్తాది, ఎన్ని దినాలుంటాది, ప్యాడు ఎట్ల పెట్టుకోవాల, ఎన్ని గంటలకు మార్చుకోవాల, నొప్పి పుడితే ఏం చేయాల. ఇది జబ్బు కాదు, చాప మీద కూర్చోవాల్సిన తప్పు ఏదీ నువ్వు చేయలేదు అన్న్యా. ఇంకోటి కూడా చెప్పినా. నీకు ఇష్టం లేకుండా ఎవురు ముట్టుకున్నా, ఎవురు ఫొటో తీసినా, చుట్టమైనా సరే, వద్దని మొగం మీద చెప్పు, వినకపోతే నాకు చెప్పు అని. అది బుద్ధిగా తలూపి, రెండు ప్యాకెట్లు సంచిలో పెట్టుకోని పోయింది.

పోయిన నెలలో ఒక బుధవారం మధ్యాహ్నం ఫోన్ చేసింది. మిద్దె మీద నుంచి, గుసగుసగా.

"అక్కా, అమ్మకు తెలిసిపోయింది."

"ఏం తెలిసిపోయిందే?"

"నాకు మూడు నెలలాయె అక్కా. నువ్వు చెప్పినట్లే చేసుకుంటాండా. భయం కూడా కాలేదు. ప్యాకెట్లు పాత పుస్తకాల వెనక దాచినా, ఈ దినం అమ్మ అవి చూసింది."

నాకు ఎంత సంతోషమయిందో! పదమూడేండ్ల పిల్ల, ఎవురి సాయమూ లేకుండా మూడు నెలలు చూసుకుందంటే, శభాష్ అన్న్యా. అదేమో అవతల ఏడుస్తాంది.

"శభాష్ కాదక్కా. అమ్మ మామకు ఫోన్ చేసింది. ఆదివారం ఫంక్షనంట. నాలుగు రోడ్ల కాడ నీ మాదిరే ఫ్లెక్సీ అంట. నా పక్కన సాయినాథ్ బావ ఫొటో కూడా పెడతారంట. నాకు రక్తం చూసి భయం కాలేదక్కా. ఫ్లెక్సీ అంటే భయం. అది కడితే నేను మళ్ళా స్కూలుకు పోను. నిజంగా పోను."

సాయినాథ్ అంటే మామ కొడుకు. పంతొమ్మిదేండ్లు వానికి. పక్కన ఫొటో పెడితే అర్థమేంది? ఈ పిల్ల మాది, ఎవురూ కన్నెయ్యొద్దు అని ఊరికి చాటింపు. నాకు ఒళ్ళంతా మండిపోయింది. సుష్మక్కకు చెప్పి, ఆ సాయంత్రమే ఆళ్లగడ్డ బస్సెక్కినా.

ఇంట్లో మామ కుర్చీలో కాలు మీద కాలేసుకోని కూర్చోని ఉండాడు. నాయన అంగడి నుంచి అప్పుడే వచ్చి, పొద్దున చదివిన పేపరే మళ్ళా చదువుతాండాడు. నేను కాళ్ళకు చెప్పులు కూడా విడవలేదు.

"మామా, దివ్యది ఫ్లెక్సీ వద్దు."

"వచ్చినావా? మే యామినీ, మేనమామ ముచ్చట అది. నాకు హక్కుంది."

"దివ్యను అడిగినావా?"

"చిన్నపిల్లను అడిగేదేందే?"

"చిన్నపిల్ల అంటాండేదీ నువ్వే, పక్కన పెండ్లికొడుకును నిలబెడతాండేదీ నువ్వే. ఏదో ఒకటి చెప్పు."

"గమ్మునుండే యామినీ" అనింది అమ్మ. నాయన పేపరు మడిచి, మళ్ళా విప్పినాడు. మామకు కోపం రాలేదు. అదే ఆయనతో తంటా, మనకు ఒళ్ళు మండేకొద్దీ ఆయన నవ్వుతాడు.

"నువ్వు ఫ్లెక్సీల పనే కదా చేస్తాండేది? ఈసారి బయటోళ్ళకెందుకు, నువ్వే కొట్టు. మనింటి పిల్ల చేతిపని అని ఊర్లో చెప్పుకుంటా. నా ఫొటో మాత్రం పెద్దగా ఉండాల, చూసుకో."

నేను కొట్టనని అరవబోయినా. అంతలో వంటింట్లో నుంచి అవ్వ పిలిచింది.

మా అవ్వ మహానందమ్మ, మామకూ అమ్మకూ తల్లి. దివ్యకు పెట్టాలని నువ్వులూ బెల్లమూ దంచి చిమ్మిలి ఉండలు చుడుతాంది. నన్ను పక్కన కూర్చోబెట్టుకోని మెల్లగా అనింది.

"వానికి గొంతు మారినప్పుడు ఎట్ల ఏడ్చినాడో తెలుసునా నీకు?"

"ఎవురికి?"

"మీ మామకేనే. పద్నాలుగేండ్లు. బడిలో ప్రార్థన చదవమంటే గొంతు రెండుగా చీలిందంట. అందరూ నవ్వినారంట. ఇంటికొచ్చి గింజల రూములో దూరి తలుపేసుకున్యాడు. ఎవురో చేతబడి చేసినారమ్మా అని ఒకటే ఏడుపు. నెల దినాలు నోరు తెరవలేదు, ఏం కావాలన్నా పలక మీద రాసి చూపించేవాడు. మూతి మీద నాలుగు వెంట్రుకలు మొలిస్తే కత్తెరతో కత్తిరించుకోని పెదవి కోసుకున్యాడు. అమ్మా, ఎవురికీ చెప్పొద్దు అని నా కాళ్ళు పట్టుకున్యాడు. నేను చెప్పలేదు. మీ తాతకు కూడా చెప్పలేదు. గుట్టుగా పెట్టినా."

"మరి నాది ఎందుకు గుట్టుగా పెట్టలేదవ్వా?"

అవ్వ చేతిలో ఉండ ఆగిపోయింది.

"ఆడపిల్లది చెప్పాల అంటారు కదే."

"ఎవురంటారు?"

అవ్వ చేతులు కడుక్కోని లేచి, ట్రంకుపెట్టె తీసి, అడుగు నుంచి ఒక స్టూడియో ఫొటో తెచ్చి నా ఒళ్ళో పెట్టింది. పద్నాలుగేండ్ల మామ. పెదవి మీద కత్తెర గాటు, చెంపల నిండా మొటిమలు, కెమెరా వాడు కొడతాడేమో అన్నట్లు బెదురు చూపు. "తీస్కపో" అనింది. మళ్ళా ఉండలు చుట్టుకుంటా కూర్చుంది.

నేను హాల్లోకొచ్చి, "సరే మామా, నేనే కొడతా" అన్న్యా. మామ తొడ చరుచుకున్యాడు. దివ్య మాత్రం మెట్ల కాడ నిలబడి నా వైపు ఎట్ల చూసిందంటే, ఆ చూపుకు చచ్చిపోవచ్చు. అక్క కూడా వాళ్ళతో కలిసిపోయింది అనుకుంది పాపం. దాని చెయ్యి గట్టిగా పట్టుకోని, "రెండు దినాలు నన్ను నమ్ము" అని చెప్పి వచ్చేసినా.

గురువారం పొద్దున నంద్యాలలో కంప్యూటర్ ముందర కూర్చున్యా. అంత ఇష్టంగా నేను ఏ డిజైనూ చేయలేదు. సగం ఫ్లెక్సీ మామ ఇప్పటి ఫొటో, నల్లద్దాలు, దండం. ఆయన అడిగినట్లే పెద్దగా. ఆడపిల్ల ఫొటో పెట్టే గుండ్రంలో, చుట్టూ పూలదండతో, పద్నాలుగేండ్ల మామ. కింద ఇంతింత అక్షరాలు.

"మా మేనమామ శ్రీ రాజశేఖర్ గారు పద్నాలుగో ఏట గొంతు మారి, నూనూగు మీసం మొలిచి, పెద్దమనిషి అయిన శుభ సందర్భాన్ని అప్పట్లో గుట్టుగా ఉంచినందుకు చింతిస్తూ, ఇప్పుడు ఘనంగా జరుపుకుంటున్నాము. అందరూ ఆహ్వానితులే. ఇట్లు, మేనకోడళ్ళు."

మా అంగట్లో ఒక రూలు. ఎవురి ఫ్లెక్సీ అయినా సరే, ముందు వాట్సాప్‌లో వాళ్ళకు పంపి, ఓకే అని రాయించుకోకుండా మిషను ఎక్కించం. ఒక అక్షరం అటూఇటూ అయినా కొట్లాటకొస్తారు మరి. నేను రూలు తప్పలేదు. మామకు పంపినా, "బాగా చూసుకో మామా, తర్వాత నన్నంటే ఒప్పుకోను" అని రాసి మరీ పంపినా. ఫొటో చిన్నది చేయలేదు, అక్షరాలు దాచలేదు.

అర నిమిషంలో జవాబు వచ్చింది. "నా ఫొటో ఇంకొంచెం పెద్దగా చెయ్."

చూడండి! పక్కన ఏముందో, కింద ఏం రాసిందో చదవనే లేదు. తన మొగం ఒక్కటే కొలుచుకున్యాడు. ఊర్లో ప్రతి ఫ్లెక్సీకీ ఆయన ఇంతే చేస్తాడని ఫ్లెక్సీల వాళ్ళందరికీ తెలుసు. నేను పెద్దగా చేసి మళ్ళా పంపినా. "ఓకే. సూపర్. కొట్టు" అని వచ్చింది, పక్కన బొటనవేలు బొమ్మ.

సుష్మక్క నా వెనక నిలబడి స్క్రీను మొత్తం చదివింది. ఒకసారి, రెండుసార్లు.

"ఓకే వచ్చిందా?"

"వచ్చిందక్కా."

"అయితే కొట్టు."

మిషను అటూ ఇటూ తిరుగుతా ఉంటే మామ మెల్లమెల్లగా బయటికొచ్చినాడు. ముందు నల్లద్దాలు, తర్వాత మీసం. నేను పక్కన కుర్చీ వేసుకోని, బొరుగులు తింటా చూసినా. పాపం అనిపించలేదా అంటారేమో. లేదు. నాకు పంచర్ల అంగడి కప్పు కనపడతా ఉండింది.

ఫ్లెక్సీలు కట్టేది యెషయా అన్న. శుక్రవారం తెల్లారగానే ఆళ్లగడ్డలో నాలుగు రోడ్ల కాడ చుట్ట విప్పి చూసి, చదివి, రోడ్డు మీదనే కూలబడి నవ్వినాడు. మళ్ళా మొగం సీరియస్‌గా పెట్టి, "ఇది కడితే ఆయన నన్ను తంతాడు గదమ్మా" అన్న్యాడు.

"నువ్వు కట్టొద్దన్నా. నిచ్చెన పట్టుకో చాలు. కట్టేది నేను" అని నేనే ఎక్కినా. అవే కొయ్యలు. తొమ్మిదేండ్ల కిందట నా ఫ్లెక్సీ కట్టినవి. ఒక్కో తాడుకు మూడు ముళ్ళు వేసినా.

ఏడు గంటలకు టీ తాగేవాళ్ళు గుంపు కట్టినారు. ఎనిమిదికి బడిపిల్లోళ్ళు వచ్చినారు. ఎనిమిదిన్నరకు మామ వచ్చినాడు, బండి మీద, వెనక సాయినాథ్‌ను కూర్చోబెట్టుకోని. కొడుకు ఫొటో కొడుక్కు చూపిద్దామని. దూరం నుంచే తల పైకెత్తి, తన మొగం చూసుకోని నవ్వుకుంటా వచ్చినాడు. బండి ఆపినాడు. చదివినాడు. ఆయనకు చదవడానికి టైము పడతాది లెండి.

"ఏమప్పా రాజశేఖరూ, భోజనాలు ఎన్ని గంటలకు?" అని టీ అంగడి కాడ నుంచి ఒకాయన అడిగినాడు. ఇంక చూస్కోండి నవ్వులు.

మామ నల్లద్దాలు తీసినాడు. నన్ను చూసినాడు.

"ఎవురే నా చిన్నప్పటి ఫొటో వేయమన్నది? నన్నడిగినావా?"

నేను ఫోను తీసి ఆయన ముక్కు కింద పెట్టినా.

"రెండుసార్లు అడిగినా మామా. బాగా చూసుకో అని కూడా చెప్పినా. ఓకే, సూపర్, కొట్టు. ఇది నువ్వు రాసిందే కదా? నన్ను నువ్వు ఒక్కసారన్నా అడిగినావా?"

"దించు. ముందు దించు దాన్ని."

"దించమని నేనూ అడిగినా. పన్నెండేండ్లప్పుడు. ఏమన్న్యావో గుర్తుందా?"

ఆయనకు గుర్తు లేదు. అది నాకు ఆయన మొగంలోనే కనపడింది, అన్నిటికంటే నన్ను మండించింది అదే. అందుకని ఆయన మాదిరే నవ్వుతా, ఆయన గొంతుతోనే చెప్పినా.

"ఏందే, ఊరికే వస్తాదా అంత పేరు?"

గుంపులో నవ్వు ఆగిపోయింది. మామ నా మీద అరుద్దామని నోరు తెరిచినాడు. గొంతు పూర్తిగా రాలేదు, నడిమికి చీలింది. వెనకనుంచి సాయినాథ్ బండి దిగి, "నాయనా, నన్ను కూడా ఎవురూ అడగలేదు. దివ్య పక్కన నా ఫొటో నాకూ వద్దు" అన్న్యాడు.

"నిన్నటిదాకా నీ నోరు యాడ పెట్టినావురా?" అన్న్యా నేను. వాడు తల దించుకున్యాడు. దించుకోవాల్సిందే.

మామ తాళ్ళు తెంపబోయినాడు. "తెంపుకో మామా" అన్న్యా. "ఫైలు నా కాడ ఉంది. ఈ దినం తెంపితే రేపు నంద్యాల బస్టాండు కాడ కడతా. దివ్యది ఫ్లెక్సీ పడదు, బావ మాట ఎత్తకూడదు. ఇంకోటి, నా పాత ఫ్లెక్సీ ఎక్కడుందో వెతికి నాకు తెచ్చియ్యాల. అది ఇస్తేనే ఇది నీ చేతికిస్తా."

"తొమ్మిదేండ్ల కిందటిది యాడుంటాదే?"

"నువ్విచ్చిందే కదా. నువ్వే వెతుకు."

సాయంత్రానికి అమ్మ నాతో మాట్లాడటం మానేసింది. నాయన మాత్రం పేపరు పక్కన పెట్టి, నాకోసం అన్నం వడ్డించినాడు.  నా జన్మలో ఆయన నాకు అన్నం పెట్టింది అదే మొదలు.

మామ శుక్రవారమంతా తిరిగినాడంట. పంచర్ల అంగడి ఎప్పుడో మూతపడింది. ఆ అంగడాయన దాన్ని తన తమ్మునికిచ్చినాడు, తమ్ముడు ఇంకెవురికో ఇచ్చినాడు. చివరికి అహోబిలం రోడ్డులో ఒక బర్రెల కొట్టం మీద దొరికింది. శనివారం మధ్యాహ్నం ఇంటికి తెచ్చినాడు, మడతలు పెట్టి, చంకలో. పేడ వాసన. చొక్కా అంతా మురికి. గడప అవతలే నిలబడి నాకు ఇచ్చినాడు.

విప్పినా. ఆయన సగం యాడనో చిరిగిపోయింది. నేనున్న సగమే మిగిలింది. కండ్లు ఉండాల్సిన కాడ తెల్లగా రెండు మచ్చలు, జడ మీద టైరు గుర్తు. ఎండకు నా పేరు పోయింది గానీ, "పుష్పవతి" అన్న మాట మాత్రం కొంచెం కనపడతాంది. దివ్య నా పక్కన వచ్చి కూర్చోని, ఆ మొగం మీద చెయ్యి పెట్టి తుడిచింది. అప్పుడు ఏడ్చినా నేను. తొమ్మిదేండ్లలో అదొకటే చేయలేదు, చేసేసినా.

తల ఎత్తితే మామ ఇంకా అక్కడే ఉండాడు. స్టూడియో ఫొటోలో పిల్లోని చూపు ఒక్క నిమిషం కనపడింది ఆయన కండ్లల్లో. జాలి పుట్టిందా అంటే పుట్టింది, గోరంత. అంతకు మించి నా కాడ లేదు.

"తప్పయింది మే" అన్న్యాడు, నేల చూసుకుంటా.

"నాకొక్కదానికే కాదు, దానికీ చెప్పు" అన్న్యా దివ్యను చూపించి. చెప్పినాడు. నేను నాలుగు రోడ్ల కాడికి పోయి, ఆ కొయ్యల మీద నుంచి ఆయన ఫ్లెక్సీ విప్పి, చుట్ట చుట్టి ఆయన చేతికిచ్చినా.

ఆదివారం ఫంక్షన్ ఇంట్లోనే జరిగింది. దివ్య చాప మీద కూర్చోనని చెప్పింది, కుర్చీ వేసినారు. అవ్వ చిమ్మిలి ఉండలు పెట్టింది. మామ చీర తెచ్చి ఇచ్చి, అలవాటు కొద్దీ ఫోను పైకెత్తినాడు. మళ్ళా దించినాడు.

"దివ్యా, ఒక ఫొటో తీసుకుందునా?"

"వద్దు మామా" అనింది దివ్య, నోటి నిండా చిమ్మిలి పెట్టుకోని.

మామ ఫోను జేబులో పెట్టుకున్యాడు. సోమవారం దివ్య స్కూలుకు పోయింది.

నేను నంద్యాల బస్సెక్కేటప్పుడు మామ బస్టాండు దాకా వచ్చినాడు. కిటికీ కాడ నిలబడి, ఎవురూ వినకుండా అడిగినాడు. "ఆ ఫైలు తీసేసినావా మే?"

"లేదు మామా."

"ఇంకెప్పుడు తీసేస్తావ్?"

"దివ్య డిగ్రీ చదివి పట్టా చేత్తో పట్టుకున్న దినం."

బస్సు కదిలింది. మామ అక్కడే నిలబడి వేళ్ళు మడిచి లెక్కపెట్టుకుంటాండాడు. దివ్య ఇప్పుడు ఎనిమిదో తరగతి.